మొగులు మీదికెల్లి దుంకినంక..?

*స్కైడైవింగ్ అనే మాట ఉట్నూర్ దాకా వచ్చింది. కానీ సగమే వచ్చింది. మిగతా సగం కోసమే ఈ కథనం.*

ఉట్నూర్ శివారులో ఒక వ్యవసాయ బావి. ఏప్రిల్ నెలాఖరు, పగలు మూడు దాటింది. బడులకు సెలవులిచ్చి వారం కూడా కాలేదు. ఒడ్డున వేడెక్కిన నల్లరాయి మీద పన్నెండేళ్ల పిలగాడు ఎక్కి నిలబడ్డాడు. నడుముకు ఖాళీ నూనె డబ్బా కట్టుకున్న చిన్నోళ్లు ఇద్దరు కింద మెట్ల మీద కూర్చుని వాణ్నే చూస్తున్నారు. వాడు రెండు చేతులూ రెక్కల్లా చాపాడు. "స్కైడైవింగ్" అని గొంతు చించుకుని అరిచి, బోర్లా దుంకాడు. నీళ్లు పొట్ట మీద ఛెళ్లుమన్న చప్పుడు బావి నాలుగు గోడలకూ తగిలి పైకొచ్చింది. మెట్లెక్కి వచ్చేసరికి వాడి కడుపంతా ఎర్రగా కమిలి ఉంది. అయినా నవ్వుతున్నాడు.

ఎడ్లకు నీళ్లు పెట్టడానికి వచ్చిన పెద్దాయన అడిగాడు. "ఏందిరా గది, గట్ల ఒర్రినవ్?"

"మొగులు మీదికెల్లి దుంకుడు తాతా. ఫోన్ల జూసిన. విమానంలకెల్లి దుంకుతరు."

"దుంకినంక?"

"దుంకినంక ఏముంటది? అయిపాయె."

పెద్దాయన వాడి కమిలిన పొట్ట వంక చూసి ఏమీ అనలేదు. ఎడ్లను తోలుకుని పోయాడు. ఆయన అడిగిన ఆ ఒక్క ముక్క మాత్రం నన్ను వదల్లేదు. దుంకినంక?

విమానం కన్నా ముందే మాట దిగింది

ఇక్కడ ఈ మధ్య ఏ టీ కొట్టు దగ్గర కూర్చున్నా విమానాల ముచ్చటే. ఆదిలాబాద్ పట్టణం పక్కన నిజాం కాలం నాటి ఎయిర్‌స్ట్రిప్ ఒకటుంది. అక్కడ పౌర విమానాలు నడపడానికి 2025లో వైమానిక దళం సమ్మతి తెలిపింది. "మనకూ ఎయిర్‌పోర్ట్ వస్తదట" అన్న మాట ఇంద్రవెల్లి మీదుగా ఉట్నూర్ బస్సు ఎక్కింది. విమానం ఎప్పుడు దిగుతుందో గానీ, దానికి సంబంధించిన మాటలన్నీ అప్పుడే దిగేశాయి. వాటిలో ఒకటి స్కైడైవింగ్.

ఆ మాట ఎట్లా అర్థమైందని బావి దగ్గరి పిల్లల్ని అడిగాను. "డైవ్" వాళ్లకు ముందే తెలుసు. క్రికెట్‌లో డైవ్ కొట్టి క్యాచ్ పట్టడం. "స్కై" కూడా తెలుసు. సూర్యకుమార్ యాదవ్ ముద్దుపేరు. రెండూ కలిస్తే ఏదో గొప్ప దుంకుడు అన్నమాట. పిల్లల లెక్క తప్పేమీ కాదు. కొత్త మాట చేతికొస్తే ఇంట్లో ఉన్న సామానుతోనే దానికి గూడు కడతాం. చిక్కల్లా, ఆ గూటికి ఒక గోడ తక్కువ కావడమే. ఫోన్‌లో ఇరవై సెకన్ల వీడియో తలుపులోంచి దుంకడంతో మొదలై, మబ్బుల మధ్య చేతులు చాపడంతో ఆగిపోతుంది. గొడుగు తెరుచుకునేదీ, కాళ్లు నేలను తాకేదీ అందులో ఉండవు.

దుంకుడు వేరు, దూకుడు వేరు

స్కైడైవింగ్‌ను తెలుగులో ఏమనాలి? "ఆకాశ దూకుడు" అని రాస్తే నాకు మింగుడు పడదు. దూకుడు అంటే ఇప్పుడు తెలుగువాడికి దుందుడుకుతనం. 2011లో మహేశ్‌బాబు సినిమా వచ్చాక ఆ అర్థం మరీ గట్టిపడింది. "మనిషి మంచోడే, జర దూకుడెక్కువ" అంటాం. ముందూ వెనకా చూడనివాడు అని దానర్థం. స్కైడైవింగ్ చేసేవాడు ముందూ వెనకా పైనా కిందా అన్నీ చూసుకుంటాడు. చూసుకోనివాణ్ని విమానమే ఎక్కనివ్వరు. కాబట్టి ఆ మాట అతకదు.

మన ఉత్తర తెలంగాణ నోట్లో ఉన్న "దుంకుడు"కు ఆ మచ్చ అంటలేదు. బాయిల దుంకుడు, గోడ దుంకుడు, వాగు దుంకుడు... అన్నీ కాళ్లూ చేతులూ చేసే పనులు. "మొగులు" అన్నా అంతే. మబ్బూ అదే, ఆకాశమూ అదే. బావి దగ్గరి పిలగాడు ఏ నిఘంటువూ తెరవకుండా చెప్పిన "మొగులు మీదికెల్లి దుంకుడు" కన్నా సూటి అనువాదం నాకు దొరకలేదు.

అయితే ఆ అనువాదం కూడా సగమే. మన భాషలో కిందికి రావడానికి ఎన్ని మాటలున్నాయో చూడండి. దుంకడం మనం తలచుకుని చేసేది. పడడం మన చేతిలో లేనిది. రాలడం పండినదీ ఎండినదీ చేసేది. వాలడం రెక్కలున్నది చేసేది. కాకి కొమ్మ మీద పడదు, వాలుతుంది. ఇంగ్లిష్‌వాళ్లు ఒక్క మాటలో మూటగట్టిన ఈ ఆటలో నిజానికి మూడున్నాయి. ముందు దుంకుతాడు. తర్వాత పడతాడు. చివరికి వాలతాడు. మూడోది లేకుంటే మొదటిదాన్ని ఆట అనరు, ప్రమాదం అంటారు.

మార్చి, ఏప్రిల్ నెలల్లో ఈ అడవుల్లో తెల్లారకముందే ఇప్పచెట్టు కిందికి పోయి కూర్చుంటే రాలడం అంటే ఏమిటో వినబడుతుంది. రసం నిండిన పువ్వు బరువుగా టప్ మంటుంది. దానికి ఆపేదేమీ లేదు. అదే కాలంలో బూరుగుకాయ పగులుతుంది. గింజ కిందికే రావాలి, కానీ చుట్టూ ఉన్న దూది దాన్ని రానివ్వదు. గాలి ఎటంటే అటు తీసుకుపోయి, ఎక్కడో మెల్లగా దించుతుంది. ఒకే అడవి, ఒకే గాలి. ఒకటి రాలుతుంది, ఇంకొకటి వాలుతుంది.

ఆ ఒక్క నిమిషం

మామూలుగా స్కైడైవింగ్ విమానం 10,000 నుంచి 13,000 అడుగుల ఎత్తుకు పోతుంది. అంటే మూడు నుంచి నాలుగు కిలోమీటర్లు. ఊరి నుంచి పొరుగూరికి నడిచి పోయేంత దూరాన్ని నిలువునా లేపి పెట్టినట్టు. తలుపులోంచి బయటికొచ్చిన మనిషి వేగం సెకను సెకనుకూ పెరుగుతుంది. పది పన్నెండు సెకన్లకు గంటకు దాదాపు 200 కిలోమీటర్లకు చేరి, అక్కడ ఆగుతుంది. ఇక పెరగదు. కిందికి లాగే భూమీ, అడ్డుకునే గాలీ సరిసమానమవుతాయి. పొట్ట నేల వైపు, చేతులూ కాళ్లూ చాపి, నడుము విల్లులా వంచి ఉంటే ఈ లెక్క. అదే తలకిందులుగా పడితే వేగం ఇంకా పెరుగుతుంది. బావి దగ్గరి పిలగాడు వీడియోలో చూసి పట్టుకున్న ఆ రెక్కల భంగిమ అలంకారం కాదు, అదే బ్రేకు. నీళ్ల మీద మాత్రం దానికి దెబ్బ తప్పదు. గాలి వేరు, నీళ్లు వేరు.

అట్లా అయిదారు వేల అడుగుల దాకా పడతారు. 45 సెకన్లు, మహా అయితే ఒక నిమిషం. ఆ తర్వాత గొడుగు తెరుస్తారు. అక్కణ్నుంచి నేల చేరేదాకా నాలుగైదు నిమిషాలు నెమ్మదిగా తేలుతూ రావడం.

పడుతున్నప్పుడు పేగులు గొంతులోకి వచ్చినట్టుంటుందని అందరూ అనుకుంటారు. చేసినవాళ్లు కాదంటారు. విమానం అప్పటికే వేగంగా ముందుకు పోతుంటుంది. బయటికొచ్చిన మనిషికీ ఆ వేగం ఉంటుంది. మొహాన కొట్టే గాలి ఒక్కసారిగా కాక క్రమంగా దిక్కు మార్చుకుంటుంది. అందుకే దభీమని పడిన భావన రాదంటారు. కేస్లాపూర్ నాగోబా జాతరలో జెయింట్ వీల్ పైనుంచి కిందికి తిరిగేటప్పుడు కడుపులో దేవినట్టుండే ఆ ఒక్క క్షణమే దీనికన్నా గట్టిదన్నమాట.

---

■ వీపు మీది సంచిలో

*స్కైడైవర్ వీపున ఉండేది ఒక్క పారాచూట్ కాదు, రెండు. మొదటిది తెరుచుకోకపోయినా, చిక్కుపడినా దాన్ని వదిలేసి రెండోదాన్ని తెరుస్తారు. మనిషి స్పృహ తప్పినా, ఎత్తు చూసుకోవడం మరిచినా నిర్ణీత ఎత్తుకు రాగానే రెండోదాన్ని తనంతట తానే తెరిచే చిన్న యంత్రం కూడా ఉంటుంది.*

*మడత పెట్టడం ఒక విద్య. గుడ్డను నేల మీద పరిచి, చీర కుచ్చిళ్లలాగా మడతలు పేర్చి, మోకాళ్లతో దాని మీద కూర్చుని లోపలి గాలినంతా నెట్టేస్తారు. పత్తిని బోరెంలో కాళ్లతో తొక్కి కుక్కడం చూసిన ఆదిలాబాద్ రైతుకు ఈ పని చెప్పకుండానే అర్థమవుతుంది. రెండో పారాచూట్‌ను మాత్రం అర్హత పత్రం ఉన్నవాళ్లే మడవాలి.*

---

నూనె సీసా, ఎన్నికల టికెట్టు

పారాచూట్ అనగానే మా తరం పల్లెటూరి ఇళ్లలో గుర్తొచ్చేది నీలంరంగు కొబ్బరినూనె సీసా. సైన్యం, విమానం ఆ తర్వాతే. రెండో అర్థం ఎన్నికలప్పుడు వస్తుంది. ఏళ్ల తరబడి జెండా మోసినవాణ్ని పక్కనపెట్టి, నిన్న మొన్న చేరినవాడికి టికెట్టిస్తే "పారాచూట్ నాయకుడు" అంటారు. పేపర్లలో ఈ మాట లేకుండా తెలంగాణలో ఒక్క ఎన్నికా పోదు. నిజం పారాచూట్ మీద అది అభాండమే. అసలు పారాచూట్ మనిషి దిగేముందు నెలల తరబడి నేల మీద చెమటోడుస్తాడు.

మాట పుట్టుక చూస్తే ముచ్చటేస్తుంది. 1783లో లూయీ సెబాస్టియన్ లెనోర్మాన్ అనే ఫ్రెంచివాడు మోంపెలియె పట్టణంలో ఒక బురుజు మీది నుంచి గొడుగులాంటి సాధనంతో దుంకాడు. తర్వాత దానికి ఆయనే పారాచూట్ అని పేరు పెట్టాడు. "పడడాన్ని అడ్డుకునేది" అని అర్థం. ఎంత వినయమైన పేరు! ఎగిరేది అనలేదు. పడడం తప్పదు, దాన్ని కాస్త అడ్డుకుంటాను అన్నాడు. 1797లో ఆంద్రె జాక్ గార్నెరన్ పారిస్‌లో బెలూన్ మీది నుంచి దుంకి చూపించాడు. మన దేశంలో 1890లోనే కలకత్తాకు చెందిన రామచంద్ర ఛటర్జీ బెలూన్‌లో పైకి పోయి పారాచూట్‌తో దిగాడు.

స్కైడైవింగ్ అన్న మాట వయసు మాత్రం తక్కువే. 1950లలో అమెరికాలో వాడుకలోకి వచ్చింది. రేమండ్ యంగ్ అనే ఆయన పుట్టించాడని చెబుతారు. అంతకుముందు అందరూ పారాచూటిస్టులే. ప్రాణం కాపాడుకోవడానికి దుంకేవాడికీ, యుద్ధానికి దుంకేవాడికీ, సంతోషం కోసం దుంకేవాడికీ ఒకటే పేరు. మూడోవాడికి సొంత పేరు కావలసి వచ్చింది. గొడుగు తెరవకముందు గాలిలో పడే ఆ నిమిషమే వాడికి ముఖ్యం. అందుకే కొత్త మాటలో గొడుగు ప్రస్తావన పోయి ఆకాశం వచ్చింది. చూడబోతే, ఉట్నూర్ పిలగాడు మరిచిన సగాన్ని ఆ మాట కూడా కొంత మరిచింది.

పేరు తారుమారైతే

2012 అక్టోబర్ 14న ఫెలిక్స్ బామ్‌గార్ట్‌నర్ అనే ఆస్ట్రియా దేశస్థుడు హీలియం బెలూన్‌లో దాదాపు 39 కిలోమీటర్ల ఎత్తుకు పోయి దుంకాడు. నాలుగు నిమిషాలకు పైగా పడ్డాడు. ధ్వనికన్నా వేగంగా పడ్డాడు. కాళ్ల మీద నిలబడి నేల మీద వాలాడు. ఆ వీడియో చూడనివాళ్లు తక్కువ. ఆ మనిషి 2025 జులై 17న ఇటలీలో చనిపోయాడు. "స్కైడైవింగ్ చేస్తూ మృతి" అని చాలామంది చెప్పుకున్నారు. కాదు. ఆయన ఆ రోజు నడుపుతున్నది మోటారు బిగించిన పారాగ్లైడర్. అది విమానంలోంచి దుంకే ఆటే కాదు.

సైన్యం సంగతీ అంతే. 2015 ఆగస్టులో ధోని ఆగ్రాలో పారా శిక్షణ తీసుకుని అయిదుసార్లు దుంకాడు. దాన్నీ స్కైడైవింగ్ అన్నవాళ్లున్నారు. ఆ దుంకుడు ఎత్తు 1,250 అడుగులే. విమానానికి కట్టిన తాడు గుంజుకుని గొడుగు దానంతటదే తెరుచుకుంటుంది. గాలిలో ఈదే సమయమే ఉండదు. 1971 డిసెంబర్ 11న బంగ్లాదేశ్ విముక్తి యుద్ధంలో టాంగైల్ దగ్గర మన పారా దళం దిగింది కూడా ఈ పద్ధతిలోనే. హిందీలో వాళ్లను ఛత్రీ సేన అంటారు. తెలంగాణలో మనకు గొడుగును ఛత్రి అనడం అలవాటే కాబట్టి ఈ మాట ఇట్టే అతుక్కుంటుంది.

మన తెలుగువాడు ఒకాయనకూ ఈ గొడుగుతో పని పడింది. విజయవాడలో పుట్టిన తోటకూర గోపీచంద్ 2024 మే 19న బ్లూ ఆరిజిన్ వ్యోమనౌకలో అంతరిక్షపు అంచు దాకా వెళ్లొచ్చాడు. దిగేటప్పుడు ఆ నౌకకున్న మూడు పారాచూట్లలో రెండే పూర్తిగా విచ్చుకున్నాయి. అయినా లోపలివాళ్లంతా క్షేమంగా దిగారు. ఒకటి మొరాయించినా మిగతావి మోయగలిగేట్టు ముందే లెక్క కట్టి ఉంచారు. ఇది స్కైడైవింగ్ కాదు. కానీ "దుంకినంక?" అన్న ప్రశ్నకు ముందే జవాబు సిద్ధం చేసుకోవడం ఎట్లా ఉంటుందో చెప్పడానికి ఇంతకన్నా మంచి ఉదాహరణ నాకు తెలియదు.

---

■ ఏది ఏది?

*విమానంలోంచో హెలికాప్టర్‌లోంచో బెలూన్‌లోంచో బయటికి దుంకి, కొంతసేపు గాలిలో పడి, తర్వాత పారాచూట్ తెరిస్తే స్కైడైవింగ్.*

*కొండ అంచున రెక్కలాంటి గొడుగును ముందే విప్పుకుని పరుగెత్తి గాలిలోకి లేస్తే పారాగ్లైడింగ్. దానికే మోటారు బిగిస్తే పారామోటరింగ్. పడవ తాడు కట్టి గుంజుతుంటే గొడుగు లేస్తే పారాసెయిలింగ్. కాళ్లకు సాగే తాడు కట్టుకుని దుంకితే బంగీ జంపింగ్.*

*శిక్షకుడి ముందు కట్టుకుని ఇద్దరూ ఒకే గొడుగుతో దిగితే టాండెమ్. మొదటిసారి దుంకేవాళ్లలో ఎక్కువమంది ఎంచుకునేది ఇదే.*

---

పట్టు పురుగు రుణం

ఇది కొంచెం పక్కదారి. అయినా చెప్పకుండా ఉండలేను. రెండో ప్రపంచ యుద్ధకాలం దాకా పారాచూట్లు ఎక్కువగా పట్టుగుడ్డతో కుట్టేవారు. జపాన్ నుంచి పట్టు రావడం ఆగాక నైలాన్ వచ్చింది. పారాచూట్ వల్ల ప్రాణం దక్కినవాళ్ల కోసం 1922లో ఒక సంఘం పెట్టారు. పేరు క్యాటర్‌పిల్లర్ క్లబ్, అంటే గొంగళిపురుగు సంఘం. సభ్యులకు ఇచ్చేది చిన్న పురుగు బొమ్మ ఉన్న పిన్ను. తమ ప్రాణం ఒక పట్టు పురుగు దారం మీద వేలాడిందని వాళ్లు మరిచిపోకూడదట. మన చెన్నూరు, మహదేవపూర్ అడవుల్లో మద్దిచెట్ల మీద దసలి పట్టు పురుగుల్ని పెంచే రైతులకు ఈ ముచ్చట చెప్పాలని నాకు ఎన్నాళ్లనుంచో ఉంది. పక్షులు ఎత్తుకుపోకుండా ఎండలో చెట్టు చెట్టుకూ తిరిగి కాపలా కాసే పని వాళ్లది. పురుగు విలువ వాళ్లకన్నా ఎవరికి తెలుసు?

తొమ్మిది గజాల చీరలో

"ఆడోళ్లు గూడ దుంకుతరా సార్?" బావి మెట్ల మీద బట్టలు పిండుతున్న అమ్మాయి అడిగింది. పదో తరగతి పరీక్షలు రాసిందట.

దుంకుతారు. రేచల్ థామస్ అనే మన దేశపు ఆవిడ 2002లో ఉత్తర ధ్రువం మీద దుంకింది. పుణెకు చెందిన శీతల్ మహాజన్ 2004 ఏప్రిల్ 18న అదే ఉత్తర ధ్రువం మీద 2,400 అడుగుల ఎత్తు నుంచి దుంకింది. అదే ఆమె జీవితంలో మొదటి దుంకుడు. 2006లో అంటార్కిటికా మీద దుంకింది. ఇద్దరికీ పద్మశ్రీ వచ్చింది. శీతల్ 2018 ఫిబ్రవరిలో థాయ్‌లాండ్‌లో నవ్వారీ చీర కట్టుకుని దుంకింది. తొమ్మిది గజాల చీర, కాసె పోసి కట్టేది.

చీర సంగతి చెప్పగానే ఆ అమ్మాయి చేతిలో గుడ్డ ఆగిపోయింది. "మా అవ్వ కట్టుకున్నట్టా?" అంది. అవును, అట్లాంటిదే. ఆదిలాబాద్ ఏజెన్సీలో పెద్దవయసు గోండు ఆడవాళ్లు, సరిహద్దు ఊళ్లలో మరాఠీ ఆడవాళ్లు కాసె పోసి కట్టే చీర ఇక్కడ రోజూ కళ్లముందు తిరిగేదే. ఆ కట్టుతో పొలంలో వంగొచ్చు, చెట్టెక్కొచ్చు, వాగు దాటొచ్చు. మొగులు మీదికెల్లి దుంకొచ్చని మాత్రం ఆ అమ్మాయికి అప్పటిదాకా ఎవరూ చెప్పలేదు. తర్వాత చాలాసేపు ఆమె ప్రశ్నలే. చీర గాలికి లేవదా? పిన్నులు పెడతారా? శీతల్‌కు భయం కాలేదా? నాకు తెలిసినంత చెప్పాను. మొదటి ప్రశ్నకన్నా చివరి ప్రశ్న దగ్గర ఆమె ఎక్కువసేపు ఆగింది.

ఎక్కిన పిల్ల మన పక్క జిల్లాదే

ఖర్చు సంగతి దాచను. డబ్బు కట్టి దుంకే కేంద్రాలు మన దేశంలో కొన్నే. హర్యానాలోని నార్నౌల్ వాటిలో ఒకటి. 2024 జులై 13న ప్రపంచ స్కైడైవింగ్ దినం నాడు కేంద్ర పర్యాటక మంత్రి గజేంద్రసింగ్ షెకావత్ అక్కడ శిక్షకుడితో కలిసి దుంకాడు. అక్కడ ఒక్కసారి దుంకడానికి అయ్యే డబ్బు ఈ బావి దగ్గరి ఇళ్లకు అందేది కాదు.

డబ్బు అడగని దారి ఒకటుంది. కాలేజీలో ఎన్‌సీసీలో చేరితే, ఎంపికైన క్యాడెట్లకు ఆగ్రాలో పారా శిక్షణ ఉంటుంది, అమ్మాయిలకు కూడా. సైన్యంలో పారా దళం ఉంది. వైమానిక దళానికి 1987 నుంచి ఆకాశ్ గంగా అనే స్కైడైవింగ్ బృందం ఉంది. ఉట్నూర్ గిరిజనాభివృద్ధి సంస్థ (ఐటీడీఏ) కింద చదువుకుంటున్న పిల్లల్లో ఈ మూడు పేర్లు విన్నవాళ్లు ఎందరుంటారు? వాళ్ల ఫోన్లలోకి వీడియో వచ్చింది, దారి రాలేదు. నాకు బాధ కలిగించేది ఇదే.

దారి వస్తే ఏమవుతుందో మనకు తెలుసు. నిజామాబాద్ జిల్లా పాకాల గ్రామం పిల్ల మాలావత్ పూర్ణ, గురుకులంలో చదువుకుంటూ 2014 మే 25న ఎవరెస్ట్ ఎక్కింది. అప్పటికి ఆమెకు పద్నాలుగేళ్లు నిండలేదు. భువనగిరి కొండ మీద రాయి పట్టుకోవడం నేర్పినవాళ్లున్నారు కాబట్టి ఎక్కింది. తాడు ఎట్లా కట్టాలి, ఊపిరి ఎట్లా తీసుకోవాలి, ఎప్పుడు వెనక్కి తిరగాలి అన్నీ నేర్పిన తర్వాతే పంపించారు.

నేర్పకుండా మాటను మాత్రమే పంపితే ఏమవుతుందో కుంటాల జలపాతం దగ్గర చూశాం. 45 మీటర్ల ఎత్తు, కింద కనబడని బండలు, సుడులు. ఆ నీళ్లు ఇప్పటికే ఎన్నో ఇళ్లలో దీపాలు ఆర్పాయి. పోయినవాళ్లలో ఎక్కువమంది కుర్రాళ్లే. ఫోన్ పట్టుకుని ఒడ్డున నిలబడి "దుంకురా" అనే స్నేహితుడు ప్రతి గుంపులోనూ ఒకడుంటాడు. "దుంకినంక?" అని అడిగే పెద్దాయన ప్రతి గుంపులో ఉండడు.

ఈ నేల మాటల విలువ ఎరగనిది కాదు. 1943లో ఇక్కడికి దగ్గర్లోని మార్లవాయిలో మానవశాస్త్రవేత్త హైమెన్‌డార్ఫ్ గోండు ఉపాధ్యాయులకు శిక్షణ కేంద్రం తెరిపించాడు. పిల్లలకు గోండీలోనే వాచకాలు తయారుచేయించాడు. తమ నోటి మాట పుస్తకంలో కనబడ్డాక చదువు పరాయిదిగా అనిపించదన్నది ఆయన నమ్మకం. స్కైడైవింగ్ గురించి ఈ పిల్లలకు చెప్పే పాఠం కూడా వాళ్ల దుంకుడుతో, వాళ్ల మొగులుతో మొదలుకావాలి. పారాచూట్‌ను గాలిగొడుగు అనండి, ఛత్రి అనండి, ముసలవ్వకు కూడా అర్థమవుతుంది. వాలడం దాకా చెప్పండి. మధ్యలో ఆపకండి.

బూరుగు దూది

సాయంత్రం పెద్దాయన ఎడ్లతో మళ్లీ బావి దగ్గరికి వచ్చాడు. పిలగాళ్లు ఇంకా దుంకుతూనే ఉన్నారు. ఆయన తలపాగా కొసలో ఏదో ముడి వేసుకుని తెచ్చాడు. విప్పితే, పగిలిన బూరుగుకాయ.

"అగో, ఇటు సూడుండ్రి" అన్నాడు. పొగాకు మరకలున్న బొటనవేలితో కాయ తొక్క చీల్చి, లోపలి నుంచి చిటికెడు దూది లాగాడు. మధ్యలో మిరియపు గింజంత నల్లటి గింజ ఇరుక్కుని ఉంది. దూదిని అటూ ఇటూ గుంజి, విప్పార్చి, బావి నడిమి మీదికి చెయ్యి చాపి వదిలాడు.

పిల్లలంతా తలలెత్తారు. పొట్ట కమిలిన పిలగాడు లెక్కపెట్టడం మొదలుపెట్టాడు. ఒకటి, రెండు... దూది ముందు నాలుగు మూరలు దిగి, బావిలోంచి వచ్చిన చల్లగాలికి మళ్లీ పైకి లేచింది. పదకొండు, పన్నెండు... గోడకు తగలబోయి తప్పుకుంది. బట్టలు పిండే అమ్మాయి లేచి నిలబడింది. వాడు ఇరవై మూడు దాకా లెక్కపెట్టాడు.

దూది ఇంకా నీళ్ల మీద వాలలేదు.